చుక్కలయ్య ఇంటి గడప

మోకు అయిపోయింది. బావి అడుగు రాలేదు.

గొంకడు రెండు కాళ్లూ బావి గోడకు తన్నిపెట్టి కిందికి చూశాడు. కింద నీళ్లు లేవు, బురద లేదు. జల్లెడంత నీలం ఉంది. ఆ నీలంలో పట్టపగలు చుక్కలు మెరుస్తున్నాయి.

"వచ్చేశాం అమ్మణ్ణీ. మీ మడమ నా పాగా మీద ఉంది, కాస్త తియ్యండి."

"రాకుమారి పాదంరా. పుణ్యం అనుకో."

"పుణ్యమే. బరువుగా ఉంది."

రాకుమారి మగవేషంలో ఉంది. మోకాళ్ల దాకా పంచె, తలకు పాగా, వీపున మట్టితట్ట. వేషం కుదిరింది. మాట కుదరలేదు. గునపం కావలసిన కూలివాడు "దాన్ని ఒకసారి అనుగ్రహించు" అని అడగడు. దారి పొడుగునా గొంకడు నవ్వు ఆపుకోలేక చచ్చాడు.

వాళ్లు దిగుతున్న బావిని తవ్వింది గొంకడే. కుంభిలదుర్గం కోటలో మంచినీళ్ల కోసం తవ్వమన్నారు. ఊట పడాల్సిన చోట ఆకాశం పడింది. ఊట పడనందుకు రాజు తిట్టాడు. ఆకాశం పడినందుకు మెచ్చుకోలేదు.

ఇప్పుడు ఆ ఆకాశమే అక్కరకొచ్చింది.

కుంభిలదుర్గంలో ఒక ఆచారం ఉంది. బిడ్డ పుడితే సంజెవేళ ఆరుబయటికి తెస్తారు. బిడ్డ నెత్తిమీద మొదట మెరిసిన చుక్క పేరే బిడ్డ పేరు. మనిషికీ చుక్కకీ ఒకే పేరు, ఒకే ఆయుష్షు. పైన చుక్కలకు పేర్లు పెట్టి, జాతి జాతినీ విడదీసి, బారులు తీర్చేవాడు పంక్తీశ్వరుడు. జనం నోట్లో చుక్కలయ్య.

ధూమాక్షుడనే మాంత్రికుడు రాకుమారిని పెళ్లాడతానని వచ్చాడు. ఆమె నవ్వింది. వాడు కొండెక్కి ఆమె చుక్కను పేరు పెట్టి పిలిచాడు. అది లేగదూడలా దిగివచ్చింది. జింకతోలు సంచిలో వేసుకుని మూతి బిగించాడు.

ఆనాటి నుంచి ఆమె పేరు ఎవరి నోట పలికితే వాళ్ల నోటి నుంచి శాశ్వతంగా పోవడం మొదలైంది. ఒక్కసారి పలకగలరు. ఆ తర్వాత ఎంత తడుముకున్నా దొరకదు. అన్నానికి పిలిచి తల్లి మరిచింది. పిలిచి చెలికత్తెలు మరిచారు. తనకు తాను చెప్పుకుని రాకుమారే మరిచింది. అప్పుడు రాజుకి ఒక ఆలోచన తట్టింది. బిడ్డ పేరు జనం మరవకుండా, మధ్యాహ్నం గంట కొట్టగానే ఊరంతా ఒక్క గొంతుతో ఆ పేరు చెప్పాలని దండోరా వేయించాడు. జనం మాట విన్నారు. ఒక్క గొంతుతో చెప్పారు. ఒక్క గుక్కలో మరిచారు. ఆ ఉపాయం చెప్పినందుకు రాజు ఇంతవరకు సిగ్గుపడలేదు.

గొంకడు అప్పుడు బావి అడుగున ఉన్నాడు. దండోరా వినపడలేదు. రాచవాళ్ల పేరు పలికితే నాలుక కాలుస్తారన్న చట్టం ఉంది గనక అంతకుముందూ ఏనాడూ పలకలేదు. అలా ఆ పేరు లోకం మొత్తానికి ఒక్క తలలో మిగిలింది. ఆ తల ఆ పేరును ఒక్కసారి మాత్రమే పలకగలదు.

ఈ సాయంత్రం దీపాలవేళ చుక్కలయ్య బారులు సరిచూస్తాడు. పలకని చుక్క చోటు మూసేస్తాడు. చోటు మూసిన మరుక్షణం రాకుమారి పొగమంచులా విడిపోతుంది. రాజగురువు చెప్పిన మాట అది. ఆమె నీడ ఉదయమే పోయింది. ఆ వేళలోగా చుక్కలయ్య గుమ్మం చేరి మొరపెట్టుకోవాలని ఇద్దరూ బావిలోకి దిగారు.

"దూకుదామా?" అంది రాకుమారి.

"ఆగండి. ఆ బండ ఇందాక లేదు."

నీలానికి అడ్డంగా ఒక బండ జరిగింది. బండ కళ్లు తెరిచింది. అది కప్ప. ఏనుగంత కప్ప. ఒళ్లంతా రాగి బొడిపెలు, గొంతు కింద తిత్తి, బంగారు కళ్లలో నిలువు చీకటి. బావి నోటికి బిరడాలా సరిపోయింది.

"ఎవరు? పేరు చెప్పనిదే దారి లేదు" అంది కప్ప.

"గొంకడు. బావులు తవ్వుతాను. నీ చుట్టాలు చాలామంది తెలుసు నాకు."

"నువ్వు పోవచ్చు. నీ నెత్తిమీదిది ఎవరు?"

రాకుమారికి తన పేరు తనకే తెలియదు. ఏమని చెబుతుంది?

"పేరు లేనిదాన్ని మింగమని నాకు ఆజ్ఞ" అంది కప్ప. ఆ మాట అయ్యీ అవకముందే నాలుక వచ్చింది. తడిసిన జంపఖానాలా వచ్చి రాకుమారి నడుముకు చుట్టుకుంది.

"ఆమె పేరు..." అని గొంకడు నోరు తెరిచాడు.

"చెప్పావంటే చంపేస్తా!" అని అరిచింది రాకుమారి, కప్ప నోటిలోకి సగం పోతూ. "వేరేదేదైనా చూడరా!"

గొంకడు రొంటిన తడిమాడు. సున్నపుకాయ చేతికి తగిలింది. మూత పీకి ఉన్న సున్నమంతా కప్ప ముక్కుపుటంలోకి విసిరాడు.

కప్ప కాసేపు ఆలోచించింది. దాని కళ్లు నీళ్లు తిరిగాయి. తిత్తి ఉబ్బింది, ఇంకా ఉబ్బింది, గోడరాళ్లు కిర్రుమన్నాయి.

తరువాత బావి తుమ్మింది.

మోకు పుటుక్కున తెగింది. గొంకడూ రాకుమారీ గునపమూ మట్టితట్టా తలో దిక్కున తిరుగుతూ నీలంలోకి ఎగిరాయి. మధ్యలో ఎక్కడో కింద పైనయింది. గట్టి నేలమీద వెల్లకిలా పడ్డారు.

"ఒళ్లంతా జిగురు" అంది రాకుమారి.

"కప్ప జిగురు కాళ్ల పగుళ్లకి మంచిదండి."

"నోరు ముయ్యి."

వాళ్లు పడినది పంక్తీశ్వరుడి పట్టణంలో. నేల గడ్డకట్టిన నీలం, అద్దంలా నున్నగా ఉంది. దానిమీద వెన్నెల గుంజలు నాటి, గుంజ గుంజకీ ఒక చుక్కను కట్టారు. ఎంత దూరం చూసినా బారులే. దారి చూపే చుక్కలది ఒక వీధి. అందులో పడవవాళ్లవి వేరు, బాటసారులవి వేరు, దొంగలకు దారి చూపేవి మరీ వేరు. వానను చెప్పే చుక్కల వీధిలో తడిమట్టి వాసన వస్తోంది. పసిపిల్లల్ని నిద్రపుచ్చే చుక్కలు పసుపు పూసుకున్న ముఖాలతో పగటినిద్ర పోతున్నాయి. ఎర్రగా మండే కోపిష్టి చుక్కల్ని ఒకదాని వెలుగు ఒకదానికి తగలకుండా ఎడంగా కట్టారు. అన్నిటికంటే చివర ఏ జాతికీ చెందని తోకచుక్క ఒకటి గొలుసు తెంపుకోవాలని గింజుకుంటూ, వచ్చేపోయేవాళ్లను తోకతో బాదుతోంది. ప్రతి గుంజమీదా పేరు చెక్కి ఉంది.

మల్లెపువ్వంత తెల్లని చుక్కల బారులో ఒక గుంజ ఖాళీగా ఉంది. పేరు ఉండాల్సిన చోట నున్నగా ఉంది. రాకుమారి దానిమీద చెయ్యి వేసింది. వేలి కొసల గుండా గుంజ కనబడింది.

గొంకడు చూశాడు. చూడనట్టు తల తిప్పుకున్నాడు.

"సన్నాయి వినబడుతోంది. పదండి" అన్నాడు.

పట్టణం నడుమ చుక్కలయ్య ఇల్లు. ఆనాడు ఆయన పెళ్లిరోజు. ఏటా ఆ రోజు ఆలుమగలు మళ్లీ పెళ్లి పీటల మీద కూర్చుంటారు, మళ్లీ కొత్త జంటలా గృహప్రవేశం చేస్తారు. ఆ ఇంటి ఇల్లాలు లోపలికి వెళ్లి దీపం పెడితే ఆకాశంలో చుక్కలన్నీ వెలుగుతాయి. పెట్టకపోతే లేదు.

మనుషులకు ఆ వాకిట్లోకి ప్రవేశం లేదు. సన్నాయి ఆగింది. మేళగాళ్లు విందుకు కూర్చున్నారు. సన్నాయీ డోలూ అరుగుమీద ఉన్నాయి. విందు జరుగుతున్నంతసేపు మేళగాడు ఏ లోకంలోనూ లేవడు. గొంకడు సన్నాయి తీసుకున్నాడు. రాకుమారి డోలు మెడకు తగిలించుకుంది.

"వాయించడం వచ్చా?" అంది.

"గాలి ఊదడం వచ్చు. మీకో?"

"కొట్టడం వచ్చు."

అలా ఇద్దరూ జనంలో దూరి గుమ్మం ముందుకు చేరారు. అక్కడ పెళ్లివారంతా నిలబడిపోయి ఉన్నారు. పెళ్లికొడుకు పంక్తీశ్వరుడు మోకాళ్ల దాకా వేలాడే తెల్ల మీసాలు, చేతిలో వెండి బెత్తం, నొసట బాసికంతో చిరాగ్గా ఉన్నాడు. పక్కన ఆరణీదేవి బొద్దుగా, నవ్వుముఖంతో, కొంగుముడితో ఉంది. గడపకు అడ్డంగా రెండు చేతులూ చాచి ఆయన చెల్లెలు రోచన నిలబడింది. పట్టుచీర, మెడ దాకా ముసుగు.

"పేరు చెప్పి లోపలికి రా వదినా!" అంటోంది ఆడపడుచు.

"చెప్పాను కదే. చుక్కలకు పేరు పెట్టిన చుక్కలయ్య మా ఆయన."

"అది ఊళ్లోవాళ్లు పిలిచే పేరు. పుట్టుపేరు చెప్పు."

"ఏటా ఇలాగే చెప్పి లోపలికి పోతున్నాను. ఇవాళేమిటే కొత్తగా?"

"ఇవాళ ఒప్పుకోను. గట్టిగా చెప్పడానికి సిగ్గయితే నా చెవిలో చెప్పు."

పంక్తీశ్వరుడు బెత్తంతో నేలమీద కొట్టాడు. "పక్కకు జరగవే. దీపాలవేళ అవుతోంది. బారులు చూసుకోవాలి నేను."

"ఆచారం అన్నయ్యా! చుక్క వీసమెత్తు పక్కకు జరిగితే ఒప్పుకోనివాడివి, ఆచారం జరిగితే ఒప్పుకుంటావా?"

పంక్తీశ్వరుడు బెత్తం దించాడు. లోకానికి వరుసలు పెట్టినవాడు తన గుమ్మం ముందు వరుసలో చిక్కుకున్నాడు.

ఆయన పుట్టుపేరు లోకంలో ఒక్కరికే తెలుసు. పెళ్లినాడు భార్య చెవిలో చెప్పాడు. ఇంకెవరు విన్నా చుక్కలన్నీ వాళ్ల మాటే వింటాయి. ఆరణీదేవి ఆ పేరు ఏనాడూ పైకి అనలేదు. భర్త పేరు చెప్పే అలవాటు ఆమెకు లేదు. 'ఇదిగో' అంటుంది. ఆయన పలుకుతాడు. అలా పిలిచే మనిషి ఇంట్లో ఉన్నంతకాలం మగవాడికి వేరే పేరు అక్కర్లేదు. ఆ సంగతి వాడికి ఆలస్యంగా తెలుస్తుంది.

గొంకడు రాకుమారి వైపు వంగాడు. "అమ్మణ్ణీ. అది ఆడపడుచు కాదు."

"ఎలా చెబుతావ్?"

"పిల్లనడగలేదు."

రాకుమారి కళ్లు పెద్దవయ్యాయి. "అవునురోయ్!"

"మా అన్న పెళ్లిలో మా అక్క గుమ్మానికి రోకలి అడ్డం పెట్టింది. మీకు పుట్టబోయే కూతుర్ని నా కొడుక్కిస్తారా, చస్తారా అంది. వాడికప్పుడు పళ్లు కూడా రాలేదు. పేరు చెప్పించడం నవ్వులాటకి. అసలు బేరం పిల్లదే."

"మా మేనత్త అడిగితే మా నాన్న చూద్దాంలే అన్నాడు. ఆ 'చూద్దాంలే' మీద మూడేళ్లు యుద్ధం జరిగింది."

గడప దగ్గర ఆరణీదేవి నిట్టూర్చింది. పడమటి నీలం గులాబిరంగుకు తిరిగింది. వెలగాల్సిన చుక్కలు గుంజల దగ్గర కాళ్లు మార్చుకుంటున్నాయి.

"సరేలేవే. పొద్దుపోతోంది. చెవి ఇటు పెట్టు" అంది. వంగింది. పెదవులు కదిలాయి.

గొంకడు సన్నాయి నోట్లో పెట్టుకుని శక్తికొద్దీ ఊదాడు. పందిని కోసినట్టు అరిచింది అది. పెళ్లివారంతా చెవులు మూసుకున్నారు. విందులో ఉన్న మేళగాళ్లు కూడా తలెత్తారు. వెంటనే దించుకున్నారు.

"ఎవడ్రా వాడు!" అన్నాడు పంక్తీశ్వరుడు.

"మేళగాణ్ణి సామీ. తప్పు జరుగుతోందని ఊదాను." గొంకడు గడప దగ్గరికి వచ్చి ముసుగు వైపు దణ్ణం పెట్టాడు. "ఆడపడుచుగారూ, పిల్లనడగడం మరిచారు."

"ఏ పిల్ల?" అంది ముసుగు.



ఆరణీదేవి మెల్లిగా నడుం నిటారు చేసింది. "ఏ పిల్లా? యుగయుగాలుగా నా కడుపున పుట్టని కూతురి కోసం నా ప్రాణం తోడుతున్నావు. ఏడుగురు కొడుకుల్నీ ఈ గడపమీద నిలబెట్టి ఎవడికిస్తావో తేల్చమంటావు. ఇవాళ ఏ పిల్ల అంటావా?"

"అదే... ఆ పిల్లే. ఇవ్వు. పెద్దవాడికివ్వు."

"పెద్దవాడి పేరేమిటే రోచనా?"

ముసుగు లోపల గొంతు గరగరలాడింది. "పెద్దవాడి పేరు... పెద్దబ్బాయి."

రాకుమారి డోలు మీద ఒక్క దెబ్బ వేసింది. మరో చేత్తో ముసుగు పట్టి లాగింది. ముసుగు కింద గడ్డం ఉంది. మట్టిరంగు గడ్డం, పొగకళ్లు, పుర్రెల కుండలాలు.

"ధూమాక్షుడు!" అంది రాకుమారి.

లోకంలో ఉన్న మంత్రాలన్నీ వాడికి వచ్చు. పెళ్లి గడప దగ్గర ఏం మాట్లాడతారో రాదు. వాణ్ణి ఎవరూ ఏ పెళ్లికీ పిలవలేదు. పిలిస్తే వచ్చేవాడూ కాదు. తనకు పెళ్లి కావాల్సి వచ్చినప్పుడు మాత్రం లోకం తప్పుపట్టాడు. అలాంటివాళ్ల మీద జాలి అనవసరం.

"రోచన ఏదిరా?" అని గర్జించాడు పంక్తీశ్వరుడు.

గడ్డివాములోంచి మూలుగు వినబడి ఎవరో అటు పరుగెత్తారు. అక్కడ చుక్కలకు మేతవేసే వెలుగు మోపుల మధ్య అసలు రోచన కాళ్లూ చేతులూ కట్టి, నోట్లో గుడ్డ కుక్కి ఉంది. ఏడుగురు కొడుకులూ పక్కనే మోపుల్లా పడి ఉన్నారు. గుడ్డ తీయగానే ఆమె అన్న మొదటి మాట వాకిలి దాకా వినబడింది.

"వదినా! పిల్లనిస్తావా ఇవ్వవా?"

"అది మా రోచన" అంది ఆరణీదేవి తృప్తిగా.

ఆ సందులో ధూమాక్షుడు చీర కుచ్చెళ్లు ఎత్తిపట్టి పరుగు లంకించుకున్నాడు. ఆ పరుగు చూసి పెళ్లివారు ఈలలు వేశారు. వాడు బారుల మధ్య నుంచి దూకుతూ చివరి గుంజ చేరాడు. పిడికెడు బూడిద ఊదితే గొలుసు కరిగింది. తోకచుక్క సకిలించింది. వాడు దాని మెడమీదికి ఎక్కి మడమలతో పొడిచాడు. పుట్టిన దగ్గర నుంచి కట్టు తెంపుకోవాలని చూస్తున్న జంతువు అది. మంటల తోక ఝాడిస్తూ అంచు దాటి శూన్యంలోకి ఉరికింది.

వాడి నడుమున జింకతోలు సంచి ఊగుతోంది. లోపల నుంచి వెలుగు పొటమరిస్తోంది.

గొంకడు మొలకు చుట్టుకున్న తెగిన మోకు విప్పాడు. ఒక కొసకు ఉచ్చు వేశాడు. రెండో కొస రాకుమారి చేతిలో పెట్టాడు.

"గుంజకు చుట్టి పట్టుకోండి."

"ఏ గుంజకి?"

"మీదే. ఖాళీగా ఉందిగా."

ఉచ్చు విసిరాడు. అది తోకచుక్క తోక మొదట్లో పడి బిగిసింది. మోకు ఝల్లున సాగి, తోకచుక్క శూన్యంలో ఒక్క కుదుపుతో ఆగిపోయింది. గొంకడు మోకు మీద చేతులతో పాకుతూ పోయాడు. కింద ఏమీ లేదు. కింద అనేదే లేదు. బావులు తవ్వేవాడికి కిందికి చూస్తే కళ్లు తిరిగే జబ్బు ఉండదు.

తోక దగ్గర మీసం కాలింది. వీపు దగ్గర పాగా అంటుకుంది. పాగా తీసి ధూమాక్షుడి మొహాన కొట్టాడు.

"బావులోడా! నిన్ను కప్పను చేస్తా!"

"చెయ్యి. ఇందాకటిది నా చుట్టమే అవుతుంది."

ధూమాక్షుడు మంత్రదండం ఎత్తాడు. గొంకడు వీపున కట్టుకొచ్చిన గునపం ఎత్తాడు. దండం దించాలంటే మంత్రం కావాలి. గునపానికి ఏమీ అక్కర్లేదు. గునపం మొన జింకతోలు సంచిని నిలువునా చీల్చింది.

చుక్కలు బయటికి చిమ్మాయి. వేడి మంగలం మీద పేలాల్లా పైకెగిరి, విచ్చుకుని, పడిపోవడం మొదలుపెట్టాయి. మాంత్రికుడు ఏ ఏ రాజ్యాల్లో ఎవరెవరి మీద పగబట్టాడో వాళ్ల చుక్కలన్నీ వాటిలో ఉన్నాయి. ఒకదాన్ని పోలి ఒకటి. ఏది ఎవరిదో కన్ను చెప్పలేదు.

అంచుమీద నిలబడి రాకుమారి అరిచింది. "స్వామీ! పిలవండి! మీరు పెట్టిన పేర్లే కదా!"

పంక్తీశ్వరుడి ముఖం చిన్నబోయింది. "సంచిలో చేరిన వాటినన్నిటినీ సాయంత్రాలు పిలిచాను. పలకలేదు. పిలిచిన ప్రతి పేరూ నోటి నుంచి పోయింది. పేరు పెట్టి పిలవనిదే చుక్క బారులోకి రాదు. ఆ నియమం నేను పెట్టిందే." ఆయన వెండి బెత్తం ఖాళీ గుంజల వైపు ఎత్తాడు. "వేళయింది. ఖాళీ చోట్లు మూయాలి. ఆరణీ, దీపం పెట్టు."

ఆరణీదేవి గడప దాటి లోపల నిలబడి ఉంది. చేతిలో వెలిగించిన వత్తి ఉంది. ఎదురుగా ప్రమిద ఉంది. ఆమె అంచుమీది పిల్లను చూసింది. పిల్ల గుండా అవతలి చుక్కలు కనబడుతున్నాయి.

"ఇదిగో" అంది ఆరణీదేవి. "కాస్త ఆగండి."

"నియమం..."

"ఇదిగో."

సృష్టి మొదలైన తర్వాత మొదటిసారి చుక్కలయ్య బెత్తం గాలిలో ఆగింది.

వత్తి మాత్రం కాలుతోంది. అది వేళ్ల దాకా వస్తే ఆరణీదేవి చేయగలిగింది లేదు. రాకుమారి మోకు బిగించి పట్టుకుంది. కానీ పట్టుకునే వేళ్లు పొగలా పలచబడ్డాయి. మోకు ఆ వేళ్లలోంచి జారింది. గుంజ మీది చుట్లు ఒకటొకటిగా వదులవుతున్నాయి.

"గొంకా! నా చేతులు ఉండడం లేదు!"

గొంకడు చూశాడు. ఆమె పోతే మోకు పోతుంది. మోకు పోతే తను పోతాడు. అతనికి తను పోవడం పెద్ద సంగతిగా తోచలేదు. చుక్కలన్నీ అప్పటికే మిణుగురులంత అయి దిగిపోతున్నాయి. ఇక వెతకడానికి లేదు. పిలవడమే.

ఇన్నేళ్లూ అమ్మణ్ణీ అన్నాడు. బావి గట్టుమీద కూర్చుని ఆమె మజ్జిగ ముంత దించినప్పుడూ అమ్మణ్ణీ అనే అన్నాడు. లోపల మాత్రం ఆ పేరు అరిగిపోకుండా ఉంది.

నాలుక కాలిస్తే కాల్చనీ.

గొంకడు తోకచుక్క వీపు మీంచి జారి, ఒంటిచేత్తో మోకుకు వేలాడుతూ, బావి అడుగు నుంచి గట్టుమీదికి వినబడేలా అరిచే గొంతుతో అరిచాడు.

"హేలావతీ!"

పడిపోతున్న చుక్కల్లో ఒకటి ఆగింది. కాస్త తటపటాయించింది. వెనక్కి తిరిగింది. తల్లిని చూసిన లేగలా గంతులు వేస్తూ, గొంకడి చెవి పక్క నుంచి ఝుమ్మని దూసుకుని, మల్లెల బారులో ఖాళీ గుంజకు వచ్చి అతుక్కుంది. నున్నటి గుంజమీద అక్షరాలు లేచాయి. ఆరణీదేవి వత్తిని ప్రమిదకు అందించింది. ఆకాశం ఈ చివర నుంచి ఆ చివరికి భగ్గున వెలిగింది.

"ఆఁ!" అంది రాకుమారి. ఎంత గట్టిగా పలికిందంటే పక్క బారులో నిద్ర చుక్కలు లేచి కూర్చున్నాయి. "ఆఁ! ఇక్కడే ఉన్నా!"

ఆమె వేళ్లకు గోళ్లు వచ్చాయి, గోళ్లకు గోరింటాకు వచ్చింది, కాళ్ల కింద నీడ వచ్చింది. జారిపోతున్న మోకు చివరి చుట్టు దగ్గర ఆమె పిడికిట్లో టక్కున ఆగింది. ఆ కుదుపుకి ఉచ్చు తోక మీంచి ఊడింది. గొంకడు శూన్యంలో గంటలా ఊగాడు.

తోకచుక్క పైన పెద్ద చుట్టు తిరిగి, నోటి నిండా నిప్పుతో అతని మీదికే దిగుతోంది. దాని మెడమీద ధూమాక్షుడు చిరిగిన పట్టుచీరతో, దండం చాచి, పళ్లు నూరుతున్నాడు.

గొంకడు అంచు వైపు చూశాడు. మగవేషంలో ఒక అమ్మాయి గుంజకు కాలు తన్నిపెట్టి, పళ్ల బిగువున మోకు లాగుతోంది. పాగా ఊడి జడ వేలాడుతోంది. ఆమె కోసం ఎక్కడిదాకానైనా దిగుతాడన్న సంగతి అతనికి గుర్తుంది. ఇప్పుడే ఏదో అరిచాడు. ఏం అరిచాడో నోట్లో లేదు. తీపి మిగిలింది.

"ఇదుగో అమ్మాయ్!" అని అరిచాడు. "నీ పేరేంటి?"

ఆమె మోకు మరో చుట్టు చుట్టింది. నవ్వింది.

"పైకి రా గొంకా, చెబుతా."